సగం తప్పు

లొట్టి మూతికి కట్టిన గుడ్డలోంచి కల్లు సన్నటి ధారగా సీసాలోకి దిగుతోంది. గుడ్డకు అతుక్కుపోయి కొట్టుకుంటున్న తేనెటీగను దేవయ్య వేలికొసతో ఎత్తి, పక్కనున్న గడ్డిపోచ మీద వదిలి, మళ్లీ లొట్టి వంచాడు. ఎడమకాలు మడిచి, కుడికాలు ముందుకు చాచి కూర్చున్నాడు. ఆ కాలు ఇక మడవడానికి రాదు. మోకాలి కింద లోపల ఇనుప కమ్మి, పైన ముడతలుపడి మెరిసే చర్మం, ఆ చివర దిగువకు వాలిపోయిన పాదం. లేపుదామని ఎంత బిగబట్టినా పాదం లేవదు. కల్లుకు వచ్చినవాళ్లు ఆ కాలును దాటకుండా చుట్టు తిరిగి పోయి కూర్చుంటారు. మొదట్లో ఆ మర్యాద అతనికి కోపం తెప్పించేది. ఇప్పుడు అలవాటైంది.

మల్యాల దగ్గరి ఓ ఊరి చివర, తాటివనం కింద నాలుగు గుంజలు పాతి పైన కమ్మలు కప్పిన కల్లు మండువ అది. చెట్లెక్కేవాళ్లు తెల్లవారాక దించిన లొట్లు తెచ్చి దేవయ్య ముందు పెడతారు. అతను వడబోసి, సీసాల్లో పోసి, వచ్చినవాళ్లకు అందిస్తాడు. పొద్దెక్కాక వాళ్ల కత్తులకు సాన పడతాడు. బతుకంతా చెట్టు మీద గడిపిన మనిషికి నేల మీద మిగిలిన పని అదే.

చూస్తే ఇప్పటికీ గీత కార్మికుడని ఇట్టే తెలిసిపోతుంది. ఛాతీ మీద వెంట్రుక మొలవదు. ఏళ్ల తరబడి తాటిబెరడు రాసుకుని అక్కడి చర్మం గట్టిపడి రంగు మారింది. చెట్టెక్కేటప్పుడు వేసుకునే మోకు ఒరిసి నడుముకు రెండు పక్కలా నల్లటి చారలు పడ్డాయి. భుజాలు మాత్రం యాభై దాటిన మనిషివి కావు. ఆ బలమంతా ఇప్పుడు లొట్టి వంచడానికే. పైన ఎక్కడో కమ్మల మధ్య గీత కత్తి టకటకలాడితే మండువలో అందరూ తలెత్తి చూస్తారు. దేవయ్య చూడడు.

"లెవ్వయ్యా, బస్సు పోతది."

కొమురమ్మ మండువ బయటే నిలబడింది. ఉతికిన చీర కట్టుకుంది, తలకు నూనె రాసుకుంది. బీడీ ఆకు కత్తిరించీ తంబాకు నలిపీ ఆమె వేళ్ల కొసలు ఎంత రుద్దినా పోని గోధుమరంగుకు తిరిగాయి.

"ఈ బుడ్డి నింపి లేస్త."

"బుడ్లు ఎవలన్న నింపుతరు. కోర్టుల సంతకం నువ్వే పెట్టాలె."

దేవయ్య బుడ్డి నింపాడు. తర్వాత గుంజ పట్టుకుని, చేతుల మీద ఒంటిని పైకి లాక్కుని నిలబడ్డాడు.

ఆ రోజు జగిత్యాల కోర్టులో లోక్ అదాలత్. యాక్సిడెంటు కేసులు రాజీకి వస్తాయి. బీమా కంపెనీ వాళ్లు ఏదో ఇస్తామంటున్నారని వకీలు ఫోన్ చేసింది. ఏదో అన్నది ఎంతో, ఏ షరతు మీదో చెప్పలేదు. ఆ ఏదో వస్తే రెండు బర్రెలు కొనుక్కుని ఇంటిదగ్గరే బతకవచ్చని కొమురమ్మ లెక్క. రాకపోతే, సాయంత్రం బొంబాయి బస్సు. ఆమె తమ్ముడు అక్కడ కడుతున్న ఓ బిల్డింగు దగ్గర వాచ్‌మన్ పని మాట్లాడి పెట్టాడు. పని ఎక్కువ రోజులు ఖాళీగా ఉండదని, వస్తే ఈ వారమే రమ్మని చెప్పాడు. ఇంట్లో మూలకు సంచి సర్ది ఉంది.

మండువ మీద ఇద్దరు బతికే రోజులు పోయాయి. రోడ్డు పక్క పొలాలన్నీ ప్లాట్లవుతున్నాయి. ప్లాట్లలో మొదట పడేది తాటిచెట్టే. బీడీల కంపెనీ వారంలో సగం రోజులే ఆకు ఇస్తోంది.

"గా బొంబాయిల ఎవల గేటుకాడనో కూసుంటవా ఈ వయసుల?" బస్సులో కూర్చున్నాక కొమురమ్మ మెల్లగా అంది. "ఇచ్చినకాడికి తీస్కో. సంతకం పెట్టు. ఇంటికి పోదాం."

"సూద్దాం."

"సూసుడేంది? ఒక్కసారి పోయచ్చిన బొంబాయే గదా అనుకుంటున్నవా?"

పోయివచ్చింది బొంబాయి మీదుగా మస్కట్‌కు. పెళ్లయిన కొత్తలో ఊళ్లో సగం మంది మగవాళ్లు పోతుంటే దేవయ్యా పోయాడు. ఎండలో పైపులు మోసే పని. నీడ కోసం చూస్తే కనుచూపు మేరలో చెట్టు ఉండేది కాదు. ఏజెంటు చెప్పిన పని వేరు, అక్కడ చేయించిన పని వేరు. తిరిగొచ్చిన రోజు ఇంట్లోకి కూడా పోకుండా తిన్నగా తాటివనానికి పోయి, బట్టలు మార్చుకోకుండానే ఓ చెట్టెక్కాడు. పైన కూర్చుని కాసేపు ఊరంతా చూశాడు. ఇక ఎక్కడికీ పోనని అక్కడే అనుకున్నాడు. అది కొమురమ్మకు చెప్పలేదు గానీ, ఆమెకు తెలుసు.

బస్సు మల్యాల క్రాస్‌రోడ్డు దగ్గరి మలుపుకు రాగానే దేవయ్య ముందు సీటు కమ్మి గట్టిగా పట్టుకున్నాడు. ఇక్కడే.

ఆ పొద్దున మోపెడ్‌కు రెండు వైపులా లొట్లు కట్టుకుని, మల్యాల మండువలో పోయడానికి తన పక్కన తాను పోతున్నాడు. ఎదురుగా బస్సు వస్తోంది. ఆ బస్సును దాటుకుని ఓ తెల్ల కారు రోడ్డుకు ఈ పక్కకు వచ్చేసింది. కారు నడుపుతున్న మనిషిని గుద్దకముందే గుర్తుపట్టాడు. కరుణాకర్ రావు. తమ ఊరి దొరల ఇంటి మనిషి. ఆయన పొలం గట్ల మీది తాటిచెట్లే దేవయ్య గీసేది. రోజూ మొదటి లొట్టి ఆయన ఇంటికే పోయేది.

తర్వాత గుర్తున్నవి ముక్కలు. పగిలిన కుండపెంకులు. తల మీదినుంచి కళ్లలోకి కారుతున్న చల్లటి కల్లు. వెనక్కి తిరిగిపోయిన తన పాదం. రోడ్డు పక్క పంచరు డబ్బా నడిపే ఏసయ్య పరుగెత్తుకొచ్చి, తువ్వాలుతో తొడ బిగించి కట్టి, పోయే ఆటోకు అడ్డం నిలబడ్డాడు. ఆసుపత్రిలో ఆ పొద్దున డ్యూటీలో ఉన్న ఎవరో దగ్గరికి వంగి, ముక్కు చిట్లించి, 'ఒంటి మీద కల్లు వాసన' అని కాగితం మీద రాశారు. నెత్తురు తీసి పరీక్ష చేసింది లేదు. మోపెడ్ ఊగుతూ వచ్చిందని కరుణాకర్ రావు పోలీసులకు చెప్పాడు. రెండూ కలిసి, తాగి బండి నడిపాడన్న మాట తయారైంది.

కాలు కుదురుకున్నాక దేవయ్య ఊరకే కూర్చోలేదు. సిరిసిల్లకు పోయి సాంచాల షెడ్డులో పనికి కుదిరాడు. మరమగ్గాన్ని అక్కడ సాంచా అంటారు. రాత్రీ పగలూ ఆగని ఆ చప్పుడు మధ్య ఈ మగ్గం నుంచి ఆ మగ్గానికి నిలబడి తిరిగే పని. కాలు ఉబ్బి, కుట్లు చిట్లి, చీము పట్టి మళ్లీ ఇంటికే వచ్చాడు. ఆ తర్వాతే మండువ.

కోర్టు వరండాలో జనం కిక్కిరిసి ఉన్నారు. చేయి మెడకు కట్టుకున్నవాళ్లు, చంకకర్రల వాళ్లు, ఏ గాయమూ కనపడకుండా ఊరికే కూర్చుని ఏడుస్తున్న ఓ ముసలమ్మ. దేవయ్య వకీలు శ్రుతి గుంపులోంచి దారి చేసుకుంటూ వచ్చింది. వయసు చిన్నదే గానీ గొంతులో తొందరపాటు ఉండదు.

"దేవయ్య గారూ, కంపెనీ వాళ్లు ఇయ్యాలనే తెంచుకుందామంటున్నరు. మనం అడిగినదాంట్ల సగం. చెక్కు తొందర్లనే వస్తది. కేసు నడిస్తే ఎప్పుడు తెగుతదో నేను చెప్పలేను. గెలుస్తమని కూడా మాటియ్యలేను. మీకు ఉన్నదున్నట్టు చెప్పాలె గద."

కొమురమ్మ ముఖం విప్పారింది. సగమంటే బర్రెలు వస్తాయి, ఇల్లూ నడుస్తుంది.

"సగమెందుకు మేడం?" అన్నాడు దేవయ్య.

శ్రుతి చేతిలోని కాగితం వైపు చూసింది. "సగం తప్పు మీదేనని వాళ్లంటున్నరు."

"నా తప్పేందట?"

"కల్లు తాగి బండి నడిపిండ్రని."

"గదే అండ్ల రాసిండ్రా?"

"రాసిండ్రు. తీసెయ్యమని అడిగిన. ఆ మాట లేకుంటే సగం ఎందుకు కోసిండ్రని పైవాళ్లు అడుగుతరట."

"సదువుండ్రి మేడం."

శ్రుతి చదివింది. మద్యం మత్తులో వాహనం నడిపినందున ప్రమాదంలో అర్జీదారుని నిర్లక్ష్యం కూడా సగం ఉన్నదని ఉభయపక్షాలు అంగీకరించి రాజీపడినట్టు ఉంది అందులో.

"ఉభయపక్షాలంటే?"

"మీరు, వాళ్లు."

"అంటే నేనే ఒప్పుకున్నట్టు."

శ్రుతి తలూపింది.

దేవయ్య గోడకు ఆనుకున్నాడు. అతనికి తండ్రి మల్లయ్య గుర్తొచ్చాడు. వాన వెలిసిన ఓ మధ్యాహ్నం మల్లయ్య తాటిచెట్టు మీదినుంచి జారి పడి, పడ్డచోటే ప్రాణం విడిచాడు. దేవయ్య అప్పటికి మేకలు కాసే పిల్లవాడు. శవం చుట్టూ మూగిన జనంలో ఎవరో మొదట అడిగిన మాట, 'తాగి ఎక్కిండా?' అని. తల్లి ఏడుపు ఆపి తలెత్తింది. 'తాగి నేల మీద నడువచ్చు గని చెట్టెట్ల ఎక్కుతడయ్యా?' అంది. ఆమె అడిగింది న్యాయమే గానీ, ఊళ్లో ఉన్న ఇద్దరు మల్లయ్యలను విడదీసి చెప్పడానికి జనానికి ఓ గుర్తు దొరికింది. తాగి పడ్డ మల్లయ్య. తల్లి పోయేదాకా ఆ పేరు వింటూనే ఉంది. ఆమె పోయింది, పేరు పోలేదు.

"పెట్టయ్యా సంతకం," కొమురమ్మ అతని మోచేయి పట్టుకుంది. "కాయితం మీద ఏముంటె మనకేంది? సదివెటోడెవడు?"

దేవయ్య ఆమె వైపు చూశాడు. లోపల పేరు పిలిచారు.

బల్ల వెనక జడ్జి, ఓ పక్క బీమా కంపెనీ వకీలు కూర్చుని ఉన్నారు. కరుణాకర్ రావు తెల్లచొక్కాలో గోడ పక్క కుర్చీలో ఉన్నాడు. జడ్జి కాగితం చూసి, "ఒప్పుకున్నట్టేనా?" అని అడిగాడు. శ్రుతి దేవయ్య వైపు తిరిగింది.

"ఒప్పుకోలే సార్," అన్నాడు దేవయ్య.

గొంతు అతను అనుకున్నదానికన్నా పెద్దగా వచ్చింది.

"సగం తప్పు నాదన్నరు గద సార్. నా కాలు సగమే ఇరగలే, పూరాగ ఇరిగింది. తప్పు నాదైతె ఒక్క పైస అడగకపోయేటోన్ని. నాది కాదు. నాది కాని తప్పు సగమేంది, రవ్వంత గూడ నాదని సంతకం పెట్ట."

కంపెనీ వకీలు కుర్చీలో సర్దుకుని కూర్చున్నాడు. "ఒంటి మీద కల్లు వాసన అని ఆసుపత్రి కాగితంలోనే ఉంది సార్."

"వాసన రాకుంట ఎట్లుంటది సార్? లొట్లన్ని నా మీదనే పలిగినయ్. పాల బండి బోర్లపడితె పాలాయన దగ్గర పాల వాసన రాదా? గాయన్నైతె తాగినవా అని ఎవలూ అడగరు. నేను కల్లు గీసే గౌండ్లోన్ని గాబట్టి అడుగుతున్నరు."

కంపెనీ వకీలు చిన్నగా నవ్వి కాగితాలు తిరగేసుకోసాగాడు. ఇలాంటివి ఆయన రోజూ వింటాడు. జడ్జి మాత్రం నవ్వలేదు.

"నీకు చెప్పుడు నా బాధ్యత. ఇయ్యాల కాదంటే కేసు మళ్లీ వాయిదాలకు పోతది. సాక్ష్యం కావాలె. ఏండ్లు పట్టొచ్చు. ఆఖరికి ఇంతకన్న తక్కువ కూడా రావచ్చు. తెలిసే చెప్తున్నవా?"

"తెలిసే చెప్తున్న సార్."

జడ్జి కాగితం పక్కన పెట్టాడు. బంట్రోతు ఇంకొకరి పేరు పిలిచాడు. అంతే జరిగింది. బయటికి వస్తుంటే చంకకర్రల మీద నిలబడ్డ ఓ పడుచువాడు పక్కకు జరిగి దేవయ్యకు దారి ఇచ్చాడు.

వరండా చివర కరుణాకర్ రావు ఎదురొచ్చాడు. ఈ మధ్య మనిషి తగ్గాడు. చొక్కా భుజాల దగ్గర వదులైంది.

"దేవయ్యా, ఎందుకు మొండికి పోతవ్? ఇచ్చేది కంపెనీ. నా జేబుల నుంచి పోయేదేమన్న ఉన్నదా? నీ మంచికే చెప్తున్న."

"పైసలు కంపెనీవే దొరా. మాట మీది."

"ఏం మాట?"

"నేను ఊగుకుంట అచ్చిన్నని పోలీసోళ్లకు చెప్పింది మీరే గద. కంపెనోళ్లు ఆడ లేకుండె. మీ ఇంటికి ఎన్నేండ్లు కల్లు పోసిన? ఒక్కనాడన్న తాగి మీ వాకిట్లకు అచ్చిన్నా?"

కరుణాకర్ రావు కళ్లద్దాలు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. "ఆ టైంల ఎవలకు ఏం చెప్పిన్నో నాకే యాదికి లేదు."

"నాకు యాదికుంది సారూ."

పుట్టిన దగ్గరినుంచి దొరా అన్న నోరు అది. ఆ పిలుపు ఎక్కడ మారిపోయిందో దేవయ్యకే తెలియలేదు. కరుణాకర్ రావుకు మాత్రం తెలిసింది. కళ్లద్దాలు పెట్టుకోకుండానే మెట్లు దిగి కారు వైపు పోయాడు.

తిరిగి వచ్చే బస్సులో కొమురమ్మ కిటికీ వైపు ముఖం తిప్పుకుని కూర్చుంది. కంట్లో నీళ్లు లేవు గానీ దవడ బిగుసుకుని ఉంది. బర్రెలు పోయాయి. ఇంటి మనిషి పోతున్నాడు. ఆమె కోపం ఎవరి మీదో దేవయ్య అడగలేదు. అడిగే ధైర్యం లేకపోయింది. జడ్జి ముందు లేచిన గొంతు భార్య పక్కన లేవలేదు.

క్రాస్‌రోడ్డు దగ్గర దిగి ఇద్దరూ ఏసయ్య పంచరు డబ్బా దగ్గరికి నడిచారు. ఏసయ్య ఓ లారీ ట్యూబును నీళ్లతొట్టిలో ముంచి బుడగల కోసం చూస్తున్నాడు. నల్లగా, సన్నగా, మోచేతుల దాకా మసి పట్టి ఉన్నాడు.

"ఏమైంది దేవన్నా?"

"ఒప్పుకోలే తమ్మీ. ఇగ సాక్ష్యం కావాలంటున్నరు. సూసినోనివి నువ్వు ఒక్కనివే."

ఏసయ్య ట్యూబు నీళ్లలోంచి తీయలేదు. డబ్బా ఉన్న జాగా కరుణాకర్ రావు వాళ్ల పాలివాళ్లది, ఆ దాయాదులు లెమ్మంటే లేవాల్సిందే. ఈ సంగతి ముగ్గురికీ తెలుసు. కేసు వేసిన కొత్తలో దేవయ్య అడిగితే 'సూద్దాం తియ్యన్నా' అన్నాడు. దేవయ్య మళ్లీ అడగలేదు. బతుకు మీద కొట్టేది అడగడం తనకే తప్పనిపించింది. ఇప్పుడు అడగక తప్పలేదు.

రోడ్డు మీద రెండు బస్సులు దాటిపోయాయి. అప్పుడు కొమురమ్మ నోరు విప్పింది.

"ఏసయ్యా, పెండ్లయినకాడికెల్లి ఈ మనిషి చెట్టెక్కకముందుగాల, బండెక్కకముందుగాల కల్లు ముట్టంగ నేను సూడలే. నేను చెప్తనంటె పెండ్లాం మాట చెల్లదంటరట. లేకుంటె నేనే పోయి చెప్పకపోదునా? అత్తకు ఎట్లయిందో నాకు ఎరికే. తాగి పడ్డ మల్లయ్య పెండ్లాం, తాగి పడ్డ మల్లయ్య పెండ్లాం. సచ్చేదాక గదే. నా మొగణ్ని గట్ల అననీయ. నువ్వు అస్తె అచ్చినవు, రాకుంటె లేదు. మేమైతె ఇడిసిపెట్టం."

దేవయ్య భార్య వైపు తిరిగి చూశాడు. ఇందాకటి బిగుసుకున్న దవడ వెనక ఉన్నది ఇదా? కోర్టులో చదివెటోడెవడన్నది ఈ మనిషేనా? ఆమె అతని వైపు చూడలేదు.

ఏసయ్య ట్యూబు బయటికి తీశాడు. తుడుచుకుంటూ, తొర్రిపళ్లు కనపడేలా నవ్వాడు.

"అస్తనే వదినా. మోపెడు ఎడమ దిక్కున నిమ్మలంగ పోతుండె, కారే ఇటుదిక్కు అచ్చి గుద్దింది. గదే చెప్త. డబ్బా లేపుతరు కావచ్చు, లేపనీయ్. ఆ చెట్టుకింద పెట్టుకుంట. టైరు పలిగినోడు నన్ను ఎతుక్కుంట ఆడికే అస్తడు."

అతను అన్నట్టే జరిగింది. తీర్పు రావడానికి ఇంకా చాలాకాలం పట్టింది. అప్పటికి ఏసయ్య డబ్బా రోడ్డుకు అవతలి పక్క వేపచెట్టు కిందికి మారింది. బోనెక్కి చూసింది చూసినట్టు చెప్పాడు. కరుణాకర్ రావు కూడా బోనెక్కాడు. ఆ మనిషి తాగడం మీరు చూశారా అని శ్రుతి అడిగితే చాలాసేపు నేల చూపులు చూసి, చూడలేదన్నాడు. ప్రమాదంలో దేవయ్య తప్పేమీ లేదని, చెట్టెక్కే మనిషికి కాలు పనికిరాకుండా పోతే బతుకుదెరువు మొత్తం పోయినట్టేనని తీర్పులో రాశారు. అడిగినదంతా రాలేదు గానీ, సగం అన్న మాట అందులో ఎక్కడా లేదు. కొమురమ్మ శ్రుతితో ఆ కాగితం రెండుసార్లు చదివించుకుని విన్నది.

కానీ ఆ సాయంత్రం ఇవేవీ ఎవరికీ తెలియవు. తెలిసిందల్లా బస్సు పొద్దుగూకకముందే వస్తుందన్నది.

ఇంటికి పోయి సంచి తెచ్చుకున్నారు. మండువ వాళ్లు ఇద్దరు ముగ్గురు క్రాస్‌రోడ్డు దాకా వచ్చారు. కోరుట్లలో బస్సు ఆగినప్పుడు బిడ్డ శోభ మక్కరొట్టెలు తెచ్చి ఇస్తానని ఫోన్ చేసింది. కొండగట్టు వైపు గుట్టల మీద ఎండ పసుపురంగుకు దిగింది. రోడ్డు పక్క ఆరబోసిన మక్కలను ఎవరో కుప్పచేస్తున్నారు.

"వాయిదాలకు నేను పోత," అంది కొమురమ్మ. "నిన్ను పిలిచిన్నాడు నువ్వు అస్తె సాలు."

"నీకెందుకు గా తిప్పలు? మేడం సూసుకుంటది."

"మేడం సూసుకుంటది. నేను గూడ సూసుకుంట. ఎవలో ఒకలు ఆడ కూసోవాలె. మనం ఇడిసిపెట్టినమనుకోవద్దు వాళ్లు." సంచి మూతి బిగించి కడుతూ, "ఆడ ఎవలన్న నువ్వేం పనిచేసెటోనివని అడిగితె గౌండ్లోన్నని చెప్పు. తల వంచకు," అంది.

"ఎందుకు వంచుత?"

కరీంనగర్ వైపు నుంచి బొంబాయి బస్సు వచ్చింది. లగేజీ మీద తాళ్లు, అద్దాల మీద దుమ్ము, లోపల గల్ఫ్‌కు పోయే పడుచువాళ్ల గోల. క్లీనరు దిగి, "ఎక్కు, ఎక్కు పెద్దమనిషీ, జల్ది," అని చేయి అందించాడు. దేవయ్య ఆ చేయి పట్టుకోలేదు. తలుపుకు రెండు వైపులా ఉన్న కమ్మీలు పట్టుకుని, భుజాలు బిగించి, ఒంటినంతా ఒక్క ఊపున పైకి లాక్కున్నాడు. బెరడు మీదినుంచి పైకి పోయేటప్పటి ఊపే అది. చుట్టూ నిలబడ్డ గౌండ్లవాళ్లు ఆ కదలికను గుర్తుపట్టారు. లేవని పాదం మాత్రం మెట్టు అంచుకు తగిలి వేలాడింది. బస్సు కదిలింది.

కిటికీ పక్కన కూర్చుని బయటికి చూశాక గానీ కుడికాలి కింద బస్సు నేల చల్లగా తగులుతున్న సంగతి అతనికి తెలియలేదు. వెనక కొమురమ్మ వంగి రోడ్డు మీదినుంచి ఏదో తీసింది. దాన్ని చేత్తో ఎత్తి ఊపుతూ నాలుగడుగులు ఉరికింది.

"చెప్పు! నీ చెప్పు పడ్డదయ్యా!"

దేవయ్య కిటికీలోంచి తల బయటికి పెట్టాడు.

"ఉండనీయ్! వాయిదాకు అచ్చినప్పుడు తొడుక్కుంట!"

ఆమె ఆగిపోయింది. నవ్విందో ఏడ్చిందో అంత దూరం నుంచి తెలియలేదు. బస్సు మలుపు తిరిగేదాకా అతనికి కనిపించింది ఆమె చేతిలో ఎత్తి పట్టుకున్న ఆ రబ్బరు చెప్పు ఒక్కటే. ముందుభాగం ఈడ్చుకుపోయి పలచబడి, మడమ మాత్రం కొత్తదానిలా అరగకుండా ఉంది.